అన్న మాటే చెప్పు

మధ్యాహ్నం అన్నం తిని, గిన్నెలు సింకులో వేసి, బాలలక్ష్మి మంచం మీద ఇలా నడుం వాల్చిందో లేదో ఆ పిలుపు వస్తుంది. "బాలలక్ష్మీ..." అని. గట్టిగా కాదు, గొణిగినట్టూ కాదు. హాల్లో ఎవరో మనిషి నిలబడి పిలిచినట్టే ఉంటుంది. ఆమె ఉలిక్కిపడి లేస్తుంది. మోకాళ్లు పట్టేసిన మనిషికి లేవడమంటే మాటలు కాదు. మంచం పట్టె పట్టుకుని, తర్వాత గోడ పట్టుకుని, కుంటుకుంటూ హాల్లోకి వస్తుంది. హాల్లో ఎవరుంటారు? ఆమె మొగుడు రాజలింగం సారు కూర్చునే కుర్చీ ఉంటుంది. దాని ఎదురుగా గోడకు ఆయన ఫొటో ఉంటుంది. బయట తార్నాక స్టేషన్లో మెట్రో ఆగి, తలుపులు మూసుకుని, హబ్సిగూడ వైపు వెళ్లిపోతుంది.

"ఏంది? ఏం గావాలె?" అని ఫొటోను అడుగుతుంది. ఫొటో ఏం చెబుతుంది? కాసేపు నిలబడి, మళ్లీ గోడ పట్టుకుని మంచం దగ్గరకు పోతుంది. ఇక నిద్ర రాదు.

మొగుడు పోయిన ఇంట్లో మొగుడి గొంతు వినపడటం మామూలేనని చుట్టాలన్నారు. నిజమే కావచ్చు. అంతమాత్రమే అయితే బాలలక్ష్మి కళ్లు తుడుచుకుని పడుకునేది. ఆమెను వణికిస్తున్నది అది కాదు. ఆ గొంతు ఆయనది కాదు.

ఆయనది ఎలా అవుతుంది? పెళ్లయిన నలభై ఏళ్లలో రాజలింగం ఆమెను ఒక్కసారి కూడా పేరు పెట్టి పిలవలేదు. అది కోపమూ కాదు, చిన్నచూపూ కాదు. వాళ్ల ఇళ్లల్లో మొగుడూ పెళ్లాం ఒకరి పేరు ఒకరు ఎత్తరు, అంతే. ఆమెతో పనిపడితే ఆయన దగ్గేవాడు. లేదంటే "వింటున్నవా" అనేవాడు. అదీ లేకపోతే తిన్నగా విషయంలోకే దిగేవాడు. ఆయన నోట తన పేరు ఎలా ఉంటుందో ఆమె చెవికి తెలియదు. తెలియని దాన్ని చెవి ఎక్కడి నుంచి తెస్తుంది? ఎవరిదీ కాని గొంతొకదాన్ని తెచ్చిపెట్టింది. మగ గొంతే, వయసు మళ్లిన గొంతే, కానీ ఊరూ పేరూ లేని గొంతు. పట్టపగలు, సొంత ఇంట్లో, అలాంటి గొంతు పేరు పెట్టి పిలుస్తుంటే ఎంత గుండె నిబ్బరమున్న మనిషికైనా భయం వేస్తుంది.

ఆ పిలుపు ఆ ఇంట్లోకి ఎలా వచ్చిందో చెప్పాలంటే ముందు రాజలింగం సారు సంగతి చెప్పాలి.

ఆయన యూనివర్సిటీలో జర్నలిజం చెప్పేవాడు. అంతకుముందు కొన్నేళ్లు ఒక పత్రికలో పనిచేశాడు. రిటైరైనా ఊరుకోకుండా, క్లాసులు తీసుకోవడానికి తార్నాక నుంచి క్యాంపస్ దాకా నడుచుకుంటూ వెళ్లేవాడు. ఆయన దగ్గర చదివినవాళ్లు మిగతా పాఠాలన్నీ మరిచిపోయినా ఒకటి మాత్రం మరిచిపోరు. "కోట్స్ మధ్యల ఉన్నది నీది కాదురా. ఎదుటి మనిషిది. మంచిగున్నా, వంకరగున్నా ఆ మనిషిదే. నచ్చకుంటే కోట్స్ తీసెయ్యి, నీ మాటల్ల రాస్కో. లోపల మాత్రం చెయ్యి పెట్టకు."

రత్నాకర్ అనే శిష్యుడు మొదటి ఏడాది చదువుతున్నప్పుడు చౌరస్తాలో మక్క కంకులు కాల్చి అమ్మే ఆవిడతో మాట్లాడి రాసుకొచ్చాడు. "ధరల పెరుగుదల మా జీవనోపాధిని తీవ్రంగా దెబ్బతీస్తోంది" అని ఆవిడ వాపోయిందట. సారు దాన్ని క్లాసులో పైకి చదివి, "ఈమె ఎవరు బిడ్డా, ఎలక్షన్ల నిలవడ్డదా?" అన్నాడు. క్లాసంతా నవ్వింది. ఎర్రబడ్డ మొహంతో రత్నాకర్ మళ్లీ చౌరస్తాకు పోయి, ఆవిడ పక్కన కూర్చుని, ఆవిడ అన్నది అన్నట్టే తెచ్చాడు. "బొగ్గు పిరమాయె, కంకి పిరమాయె. నేనే అగ్గువైన." సారు బల్ల మీద చరిచాడు. "గిది నీకు పుట్టునారా? జన్మల పుట్టదు!" అన్నాడు. అప్పటి నుంచి రత్నాకర్ ఆయన్ను వదల్లేదు. రీసెర్చ్‌లో చేరాక కూడా రోజూ ఆయన వెనకే.

ఇంట్లోనూ సారుకు అదే యావ. "మీ చెల్లె ఫోన్ జేసింది. నువ్వు పోలేదని కోపమైంది" అని బాలలక్ష్మి చెబితే ఆయన పేపరు దించేవాడు.

"ఏమన్నది? అన్న మాటే చెప్పు."

"కోపమైందని అంటున్న గదా."

"కోపం నీ మాట. ఆమె మాటేంది?"

"'అన్నకు రాఖీ కట్టాల్నంటే అపాయింట్‌మెంట్ తీస్కోవాల్నా వదినె' అన్నది."

"సూసినవా? ఇది కోపం కాదు. రమ్మనుడు" అని నవ్వి, సాయంత్రమే చెల్లెలు రాములమ్మ ఇంటికి రామంతాపూర్ పోయేవాడు. బాలలక్ష్మికి మాత్రం ఒళ్లు మండేది. ఇది కాపురమా, కోర్టులో సాక్ష్యమా అని తిట్టుకునేది. ఆయన క్లాసు ముగించుకుని ఎండన పడి వచ్చి చాయ పెట్టి ఇస్తేనే ఆ మంట చల్లారేది. చాయ మాత్రం బాగా పెట్టేవాడు. పాలు పొంగించేవాడు, అది వేరే సంగతి.

ఈ ఎండాకాలం మొదట్లో ఒక మధ్యాహ్నం క్లాసు అయిపోయాక ఆయన డిపార్ట్‌మెంటు ముందున్న గానుగ చెట్టు కింద రాతి బెంచీ మీద కూర్చున్నాడు. పక్కన రత్నాకర్ ఉన్నాడు. ఛాతీలో నొప్పి అన్నాడు, చెమటలు పట్టాయి. ఆటోలో వేసుకుని ఆసుపత్రికి చేర్చేసరికి అంతా అయిపోయింది. సారు జేబులోని ఫోన్ తీసి రత్నాకర్ ఆమెకు కబురు చెప్పాడు. బాలలక్ష్మి వచ్చేసరికి ఆసుపత్రి వరండాలో ఆ పిల్లవాడు గోడకు జారగిలబడి నిలబడి ఉన్నాడు. ఆమె ఏడవలేదు. ఒక్కటే అడిగింది.

"ఏమన్న అన్నడా బిడ్డా?"

రత్నాకర్ ఆమె మొహంలోకి చూసి, తల దించుకున్నాడు. "అన్నడమ్మా. మీ పేరే పిలిచిండు. 'బాలలక్ష్మీ' అన్నడు. గంతే."

ఆమెకు దుఃఖం ముంచుకొచ్చింది. దాంతోపాటు, ఎవరికీ చెప్పుకోలేని సంతోషం కూడా వచ్చింది. కొత్త పెళ్లికూతురికి వచ్చే సిగ్గు లాంటిది వచ్చింది. నలభై ఏళ్లు ఎత్తని పేరు పోతూపోతూ ఎత్తాడు. చుట్టాల్లో ఆ మాట క్షణాల్లో పాకింది. రాములమ్మ శవం మీద పడి, "నలభై ఏండ్లు నోట్ల దాసుకుంటివా అన్నా, వదినె పేరు!" అని రాగం తీసి ఏడిస్తే విన్నవాళ్లంతా ఏడ్చారు. కొందరు ఆడవాళ్లు తమ మొగుళ్ల వైపు అదోలా చూశారు కూడా.

మూడోనాడు పిట్టకు పెట్టారు. పోయిన మనిషికి ఇష్టమైనవి వండి, విస్తట్లో పెట్టి, కాకి కోసం చూడాలి. కాకి ముట్టిందంటే మనిషి ఏ కోరికా లేకుండా పోయినట్టు. ముట్టకపోతే ఒక్కొక్కరే ముందుకొచ్చి ఆయన మనసులో ఏముందో కనిపెట్టి మాట ఇవ్వాలి. అపార్ట్‌మెంటు డాబా మీద పిట్టగోడ దగ్గర మటన్, గారెలు, పెరుగన్నం అన్నీ పెట్టారు. కాకి వచ్చింది. నీళ్ల ట్యాంకు మీద వాలి అక్కడి నుంచే చూసింది.

"బాపూ, అమ్మను నేను సూసుకుంట. ముట్టు బాపూ" అంది కూతురు జ్యోతిర్మయి. కాకి కదల్లేదు. "అన్నా, నా మీద ఏమన్న ఉంటే మనసుల పెట్టుకోకు" అంది రాములమ్మ. కాకి మెడ తిప్పింది. అన్నదమ్ముల పిల్లలు తలో మాటా ఇచ్చారు. ఎండ నడినెత్తికొచ్చింది. కాకి ట్యాంకు మీద నుంచి లేచి మెట్రో పిల్లర్ల మీదుగా ఎటో పోయింది. చివరికి విస్తరి అక్కడే వదిలేసి అందరూ మెట్లు దిగారు.

దిగుతూ రాములమ్మ వదిన చెవి దగ్గర అన్న మాట ఆ ఇంట్లో నిద్ర లేకుండా చేసింది. "పేరు పెట్టి పిలిచిండంటే ఊకెనే పిలువడు వదినె. నీకు ఏదో చెప్పబోయిండు. చెప్పకుంటనే పాయె. గందుకే పిట్ట ముడ్తలేదు."

ఆ తర్వాత డిపార్ట్‌మెంటులో సంతాప సభ జరిగింది. పెద్ద ఫ్లెక్సీ మీద సారు ఫొటో, దాని కింద "చివరి పిలుపు: బాలలక్ష్మీ!" అని ఎర్రక్షరాలు. మైకు ముందుకొచ్చిన ఒకాయన, సారు "బాలలక్ష్మీ, ఇక సెలవు" అంటూ కన్నుమూశారన్నాడు. ఇంకొకాయన, "బాలలక్ష్మీ, విద్యార్థులే మన పిల్లలు" అన్నారని గద్గదంగా చెప్పాడు. సొంత పిల్ల జ్యోతిర్మయి ముందు వరుసలోనే కూర్చుని ఉంది. పోయిన మనిషి నోట్లో ఎవరేం పెట్టినా కాదనడానికి ఆయన లేడు కదా. బాలలక్ష్మి అన్నిటికీ చేతులు జోడించింది. ఒకపక్క గర్వం, ఒకపక్క గుబులు. ఆ మరునాటి నుంచే మధ్యాహ్నం పిలుపు మొదలైంది.

అదేం చెప్పబోయిన పిలుపు? మంచినీళ్లు కావాలనా? ఆ పొద్దున తను విసుక్కున్నందుకా? "రిటైరైనంక గూడ ఎండల పడి గా తిరుగుడేంది, ఇంట్ల కూసోరాదు?" అని గయ్యిమంది మరి. ఆయన మారు మాట్లాడకుండా చెప్పులేసుకుని పోయాడు. అదే మనసులో పెట్టుకుని పిలిచాడా? ఆమె నలభై ఏళ్లనూ తవ్విపోసింది. అన్నీ చిన్నచిన్న తప్పులే, కానీ ఇప్పుడు సర్దుకోవడానికి మనిషి లేడు. జ్యోతిర్మయి వచ్చి చూసి, "అమ్మా, సగమైనవ్ నువ్వు" అని భయపడింది. తల్లికి అన్నం సహించడం లేదు, నిద్ర అసలే లేదు. ఇలాగే ఉంటే ఈమె కూడా దక్కదని ఆ పిల్లకు అర్థమైంది. డాక్టరు దగ్గరకు తీసుకుపోయింది. మాత్రలు మింగినా మధ్యాహ్నం ఆ గొంతు వేళ తప్పలేదు.

ఒకరోజు ఎప్పటిలాగే పిలుపు వచ్చింది. ఎప్పటిలాగే బాలలక్ష్మి గోడ పట్టుకుని హాల్లోకి వచ్చింది. ఫొటోను చూసి, ఏం కావాలని అడగబోయింది. నోటి వెంట మరో మాట వచ్చింది.

"ఏమన్నవు? అన్న మాటే చెప్పు."

తన గొంతులో ఆయన మాట విని ఆమే బిత్తరపోయింది. అలా నిలబడి ఉండగా మరొకటి తోచింది. ఇన్నాళ్లూ ఆ పిలుపుకు అర్థం వెతుకుతోందే గానీ, ఆయన నిజంగా అలా పిలిచాడా అని ఒక్కనాడూ అడగలేదు. ఆయనే ఉంటే మొదట అడిగేది అదే. ఆమె చీర సర్దుకుని, తలుపుకు తాళం వేసి, చౌరస్తాలో ఆటో ఎక్కింది.

డిపార్ట్‌మెంటులో రత్నాకర్ కంప్యూటర్ ముందు ఉన్నాడు. సారు మీద సంస్మరణ సంచిక ఆ వారమే ప్రెస్సుకు పోవాలి. తెర మీద సంచిక ముఖచిత్రం. ఫొటో, దాని కింద అవే ఎర్రక్షరాలు. ఆమెను చూసి గబుక్కున లేచాడు.

"అమ్మా, మీరెందుకొచ్చిండ్రు ఎండల? ఫోన్ జేస్తే నేనే వస్తుంటి గదా."

"ఆయన కూసున్న బెంచి సూపియ్యి బిడ్డా."

అతను ఆమె మోచెయ్యి పట్టుకుని తీసుకెళ్లాడు. బెంచీ నిండా గానుగ పూలు రాలి ఉన్నాయి. చేత్తో తుడిచి కూర్చోబెట్టాడు. తను నిలబడే ఉన్నాడు.

"గా రోజు ఆయన ఏమన్నడు?"

"చెప్పిన గదమ్మా. మీ పేరు..."

"నా పేరు నీకెట్ల ఎరుక?"

రత్నాకర్ బెంచీ మీద మిగిలిన పూలు ఏరసాగాడు.

"ఎన్నిసార్లు మా ఇంటికొచ్చినవ్. మా ఇంట్ల తిన్నవ్, తాగినవ్. ఎన్నడన్న ఆయన నన్ను పేరు పెట్టి పిలువంగ ఇన్నవా?"

"ఇన్లేదమ్మా." అతని గొంతు తగ్గిపోయింది. "ఆసుపత్రిల... మీకు చెప్దామని సార్ ఫోన్ తీసిన. గండ్ల ఉన్నది మీ పేరు. తెలుగుల, పూర్తిగ."

ఆమెకు ఆ సంగతి తెలియదు. పిలవని పేరును ఫోన్‌లో పూర్తిగా రాసుకున్నాడన్నమాట. ఆ ముక్క దగ్గర కాసేపు ఆగిపోయింది. తర్వాత భయం మళ్లీ తలెత్తింది.

"అంటే ఏం అన్లేదా?"

"అన్నడమ్మా. కాని గది మీకు చెప్పే మాట కాదు."

ఇంతదాకా వచ్చాక ఆమెకు వెనక్కి పోదామనిపించింది. ఆ పేరుతోనే, ఆ గర్వంతోనే మిగిలిన నాలుగు రోజులూ గడిపేస్తే ఏం? కానీ ఇంట్లో ఆ గొంతు కాచుకుని ఉంది.

"నన్ను తిట్టిండా?"

"అయ్యో, లేదమ్మా!"

"ఇంకెవరి పేరన్న ఎత్తిండా?"

"లేదు లేదు."

"మరి అన్న మాటే చెప్పు."

ఆ మాట ఆమె నోట వినగానే రత్నాకర్ క్లాసులో దొరికిపోయిన పిల్లాడిలా నిలబడ్డాడు. తర్వాత బెంచీ చివర కూర్చుని నేల చూస్తూ చెప్పాడు.

"సార్ నా భుజం మీద తల వెట్టిండు. ఆటో తెద్దామని నేను లేవబోయిన. నా చెయ్యి వట్టి ఆపిండు. 'లేవకు, పండుకో. చాయ నేను పెడ్త' అన్నడు. మల్ల ఏం అన్లే."

గానుగ పూలు రెండు ఆమె ఒళ్లో రాలాయి. రత్నాకర్ చెప్పుకుపోతున్నాడు. "సోయి తప్పి ఏదో అంటుండనుకున్న. గంత పెద్ద సారు, ఆఖరుకు చాయ ముచ్చట జెప్పి పోయిండంటే మీకెట్ల అనిపిస్తది? మీ మొఖం జూసినంక నాకు నోరు రాలే. ఫోన్ల పేరు యాదికొచ్చింది. మీకు ధైర్నం అయితదనుకున్న..."

బాలలక్ష్మి అతని మాటలు వినడం లేదు. రోజూ మధ్యాహ్నం ఆయన క్లాసు నుంచి వచ్చేవేళకు ఆమెకు కునుకు పట్టి ఉండేది. గడప దగ్గర చెప్పుల చప్పుడు విని, మోకాళ్లు కూడదీసుకుని లేవబోయేది. ఆయన ఇంకా లోపలికైనా రాకుండానే అక్కడి నుంచే అనేవాడు. రోజూ అదే మాట. ఒక్క ముక్క ఎక్కువ లేదు, తక్కువ లేదు.

"మల్లొకసారి చెప్పు" అంది.

"లేవకు, పండుకో. చాయ నేను పెడ్త."

చెప్పింది రత్నాకరే, కానీ ఆమె చెవిలో పడింది రాజలింగం గొంతు. ఆ జీర, ఆ అలసట, 'పెడ్త' అనేటప్పుడు చెప్పులు విడిచే ఆ చిన్న ఆయాసం, అన్నీ వచ్చేశాయి. ఊరూ పేరూ లేని గొంతు కాదు, ఆయన గొంతే. ఇన్నాళ్లకు ఆమె నోరారా ఏడ్చింది. పక్కనుంచి పోతున్న విద్యార్థులు ఆగి చూశారు. రత్నాకర్ కూడా మొహం కప్పుకున్నాడు.

ఏడుపు తగ్గాక ఆమె కొంగుతో మొహం తుడుచుకుంది. పేరు పిలవలేదన్న సంగతి అప్పుడు మెల్లగా లోపలికి దిగింది. అది నొప్పిగానే ఉంది. ఆ పేరును ఎంతమంది ముందు ఎంత మురిపెంగా మోసిందో గుర్తొచ్చి సిగ్గేసింది. అయినా దాన్ని పట్టుకుని వేలాడాలనిపించలేదు.

"పుస్తకం మీద గది తీసెయ్యి రత్నాకర్. ఆయన అన్నది పెట్టు."

"చాయ అని పెడ్తే నవ్వుతరమ్మా."

"నవ్వనీ. నవ్వుతరని నువ్వు మాత్రం లోపల చెయ్యి పెట్టకు."

అతను తల ఊపాడు. "ఎవరితోని అన్నడని రాయాలె?" అన్నాడు.

"నీ చెయ్యి వట్టుకొని అన్నడు. గంతవరకే రాయి. ఎవరితోని అన్నడో నాకు తెలుసు, గని గది ఆయన చెప్పలే."

సాయంత్రం రాములమ్మకు ఫోన్ చేసి ఉన్నది ఉన్నట్టు చెప్పేసింది.

"అయితే అన్న పేరు పిలువనే లేదా వదినె?"

"పిలువలే."

"మరి పిట్ట ఎందుకు ముట్టలే?"

"ఏమో. పిట్ట ఏం అన్లేదు గదా. అననిది మనం చెప్పొద్దు" అని బాలలక్ష్మి ఫోన్ పెట్టేసింది.

మరునాడు మధ్యాహ్నం అన్నం తిని, గిన్నెలు సింకులో వేసి, మంచం మీద నడుం వాల్చింది. కిటికీ బయట ఎండ తెల్లగా ఉంది. మెట్రో వచ్చింది, ఆగింది, పోయింది. ఇక రాదేమో అనుకుంది. అప్పుడే హాల్లోంచి పిలుపు వచ్చింది.

"బాలలక్ష్మీ..."

అదే గొంతు. ఎవరిదీ కాని గొంతు. ఆమె ఒళ్లు ఎప్పటిలాగే ఝల్లుమంది. చెయ్యి దానంతటదే మంచం పట్టె మీదికి పోయింది. నిజం తెలిస్తే పోతుందనుకున్నది పోలేదు. బహుశా ఎప్పటికీ పోదేమో. ఒకసారి నోట్లో పెట్టిన మాట అంత తొందరగా వెనక్కి పోతుందా?

మళ్లీ పిలిచింది, ఈసారి ఇంకొంచెం దగ్గరగా.

బాలలక్ష్మి పట్టె మీద నుంచి చెయ్యి తీసేసింది. పిలిచేది ఎవరో ఆమెకు తెలియదు. లేవొద్దన్నది ఎవరో తెలుసు. గోడ వైపు తిరిగి, కాళ్లు ముడుచుకుని, కళ్లు మూసుకుంది. ఆమె లేవలేదు.